జప్తు దశలో అభ్యంతరం: భద్రాచలం ఏజెన్సీలో డిక్రీ అమలుకు ఉన్న హద్దులు

బాకీ దావా ఓడిన రైతు చేతికి అమలు పిటిషన్ నోటీసు అందగానే అనే మాట ఒకటే: "ఆ నోటు నాది కాదు, వడ్డీ అంత లేదు." ఆ మాట దావా నడిచినప్పుడే చెప్పాలి. సివిల్ ప్రొసీజర్ కోడ్ 47వ సెక్షన్ కింద అమలు కోర్టు డిక్రీ అమలు, చెల్లింపు, పరిష్కారాల మీద వచ్చే తగాదాలనే తేలుస్తుంది. తీర్పు తప్పా ఒప్పా అని అది విచారించలేదని వాసుదేవ్ మోదీ కేసు (1970)లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. అసలు అధికారమే లేని కోర్టు ఇచ్చిన డిక్రీ శూన్యమనీ, ఆ అభ్యంతరాన్ని అమలు దశలోనూ లేవనెత్తవచ్చనీ కిరణ్ సింగ్ కేసు (1954) చెబుతుంది. ఆ లోపం రికార్డు ముఖానే కనిపించాలి.

ఎక్స్‌పార్టీ డిక్రీ రద్దుకు గడువు 30 రోజులు. సమన్లు సరిగా అందకపోతే డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి లెక్క. డిక్రీదారుకు మాత్రం అమలు కోరడానికి 12 ఏళ్లు ఉంటాయి.

పల్లెల్లో ఎక్కువ నష్టం చేసేది ఆర్డర్ 21, రూల్ 2. కోర్టు బయట కట్టిన సొమ్మును కోర్టులో నమోదు చేయించకపోతే అమలు కోర్టు దాన్ని లెక్కలోకి తీసుకోదు. బాకీదారు నమోదు కోరడానికి గడువు కూడా 30 రోజులే. పంట అమ్మి షావుకారుకు కట్టి, రసీదు కూడా అడగని కోయ రైతుకు ఈ రూల్ తెలిసే అవకాశం ఎంత? ఇది ఎంత చట్టబద్ధమైనా నాకు అన్యాయంగానే తోస్తుంది.

భూమి విషయం వేరు. 1959లో తూర్పు గోదావరి నుంచి ఖమ్మం జిల్లాలో కలిసిన భద్రాచలం ప్రాంతం షెడ్యూల్డ్ ఏరియా. అదే ఏడాది వచ్చిన భూ బదలాయింపు రెగ్యులేషన్, సొమ్ము డిక్రీ కోసం గిరిజనుడి స్థిరాస్తిని జప్తు చేసి అమ్మడాన్ని నియమాలు అనుమతించిన మేరకే పరిమితం చేసింది. జనం '1/70' అని పిలిచే 1970 సవరణ, ఏజెన్సీ భూమి గిరిజనేతరుల చేతికి వెళ్లే దారిని ఇంకా గట్టిగా మూసింది. మైదాన ప్రాంతపు కోర్టులో పుట్టిన డిక్రీ బదిలీ అయి ఏజెన్సీ భూమి మీదికి వచ్చినప్పుడు "ఈ భూమి అమ్మకూడదు" అనడం డిక్రీని సవాలు చేయడం కాదు. బాకీ అలాగే ఉంటుంది, భూమి మాత్రం వేలానికి రాదు. ఈ రెండింటినీ కలిపేసి, "డిక్రీ వెనక్కి పోలేం" అంటూ అభ్యంతరాన్ని తోసిపుచ్చడం పొరపాటు.

మౌనంగా ఉన్నవాడి సంగతి ఏమిటి? నోటీసు అందినా అభ్యంతరం చెప్పని బాకీదారు తర్వాత దాన్ని లేవనెత్తలేడని మోహన్‌లాల్ గోయెంకా కేసు సూత్రం. చట్టమే నిషేధించిన అమ్మకానికి ఈ సూత్రం వర్తించదని నా వాదన. చట్టం నిషేధించినదాన్ని అనుమతించే నిర్ణయం రెస్ జుడికేటా కాదని చెప్పిన మథురా ప్రసాద్ కేసు (1970) ఈ వాదనకు ఆధారం.

జప్తు ఉత్తర్వుకు ముందే బాకీదారు షెడ్యూల్డ్ తెగకు చెందినవాడా, భూమి షెడ్యూల్డ్ గ్రామంలో ఉందా అన్న రెండు సంగతులనూ డిక్రీదారు చేత అఫిడవిట్‌లో చెప్పించాలి. వాటిని రెవెన్యూ రికార్డుతో సరిచూసే బాధ్యతను అమలు కోర్టులు తమంతట తాము తీసుకోవాలని కోరుతున్నాను.