ఫ్రిజ్ తలుపు తీసిన బెట్టీ

మీ ఇంట్లో ఫ్రిజ్ ఉందనుకోండి. అది కొన్న రోజున ఎవరి మాట నమ్మి కొన్నారో కాస్త గుర్తు తెచ్చుకోండి. అలాంటి మాట చెప్పడమే ఉద్యోగంగా చేసిన ఒకావిడ గురించి ఇవాళ చెబుతాను. పేరు బెట్టీ ఫర్నెస్. అమెరికాలో ఒకప్పుడు ఇంటింటా తెలిసిన ముఖం. మనలో చాలామంది ఆ పేరే విని ఉండరు.

1916లో న్యూయార్క్‌లో పుట్టింది. 1930ల్లో హాలీవుడ్ సినిమాల్లో వేషాలు వేసింది గాని పెద్ద తార కాలేదు. 1949లో ‘స్టూడియో వన్’ అనే టెలివిజన్ నాటకాల కార్యక్రమంలో నటించడానికి వెళ్లి, మధ్యలో వెస్టింగ్‌హౌస్ కంపెనీ ప్రకటన చెప్పేవాళ్ల తీరు నచ్చక, తానే చెబుతానంది. అంతే! 1960 దాకా అదే పని. ఫ్రిజ్ తలుపు తీసి చూపించడం, పొయ్యి వెలిగించి చూపించడం. 1952లో షికాగోలో రెండు పెద్ద పార్టీల మహాసభలనూ టీవీలో చూపిస్తే, నాయకుల ఉపన్యాసాల మధ్య మాటిమాటికీ ఈవిడే ప్రత్యక్షం.

అప్పట్లో ఇలాంటి ప్రకటనలు కూడా ప్రత్యక్ష ప్రసారమే. పొరపాటు దొర్లితే దిద్దుకునే వీలు లేదు. 1954లో ఒకసారి బెట్టీ రాలేదు. ఆమె బదులు జూన్ గ్రాహం అనే నటి నిలబడింది. ఫ్రిజ్ తలుపు ఎంత లాగినా ఊడిరాదు! పాపం, ఆవిడ అవస్థ చూడాలి. విచిత్రమేమిటంటే, జనం ఆ సంఘటనను బెట్టీ ఖాతాలోనే వేసేశారు. ‘అది నేను కాదు తల్లీ’ అని ఎంత చెప్పినా వినేదెవరు?

అసలు కథ ఆ తర్వాతే. 1967లో అధ్యక్షుడు జాన్సన్ ఆమెను వినియోగదారుల వ్యవహారాలకు తన ప్రత్యేక సహాయకురాలిగా నియమించాడు. ఫ్రిజ్‌లు అమ్ముకునే మనిషికి ఇదేం పదవని చాలామంది ముఖం చిట్లించారు. నిజమే, నేనైనా అలాగే అనుకునేదాన్నేమో. కాని బెట్టీ కూర్చుని విషయం నేర్చుకుంది. ఊరూరా తిరిగి మాట్లాడింది. మాంసం తనిఖీని కట్టుదిట్టం చేసే 1967 నాటి చట్టం కోసం గట్టిగా వాదించింది. అప్పు మీదా వాయిదాల మీదా కొనేవాళ్లకు నిజంగా పడే వడ్డీ ఎంతో ముందే రాసి చూపాలన్న చట్టం 1968లో వచ్చింది. దానికీ ఆమె అండగా నిలిచింది. నెలకింత అని చెప్పి అసలు లెక్క దాచేసే కొట్టువాళ్ల సంగతి మీకు నేను చెప్పాలా?

1974లో మళ్లీ టీవీకి వచ్చింది. ఈసారి ఎన్‌బీసీ వారి న్యూయార్క్ స్టేషన్‌లో, వినియోగదారుల విలేకరిగా. ఒకప్పుడు వస్తువుల్ని పొగిడిన నోటితోనే వాటి లోపాలు బయటపెట్టింది. జబ్బుపడ్డాక కూడా పని మానలేదు. 1992లో, 76వ ఏట, స్టేషన్ వాళ్లే మాన్పించారు. ఆమె మాత్రం ఇంకా పనిచేస్తాననే అంది. 1994 ఏప్రిల్‌లో క్యాన్సర్‌తో పోయింది.