‘హమ్ లోగ్’ రాసిన జోషి: అమ్మ పాత్ర ఎందుకు ఎదురు తిరిగింది?

ఈ ఎపిసోడ్‌లో మనోహర్ శ్యామ్ జోషి గురించి మాట్లాడుకుందాం. పేరు చాలామందికి తెలీకపోవచ్చు. కానీ ‘హమ్ లోగ్’, ‘బునియాద్’ అంటే మాత్రం దూరదర్శన్ చూస్తూ పెరిగిన వాళ్ళందరికీ టక్కున గుర్తొస్తాయి. ఆ రెండూ రాసింది ఈయనే.

1933లో అజ్మీర్‌లో పుట్టారు. పత్రికా రచయిత, ‘సాప్తాహిక్ హిందుస్తాన్’ సంపాదకుడు. ‘కురు కురు స్వాహా’ లాంటి నవలలతో హిందీలో అప్పటికే పేరున్న మనిషి. అలాంటాయన టీవీకి ఎందుకొచ్చారు? ఆ కథ మెక్సికోలో మొదలవుతుంది. అక్కడ మిగెల్ సబీడో అనే నిర్మాత సీరియల్స్ ద్వారా కుటుంబ నియంత్రణ, చదువు లాంటి విషయాలు జనంలోకి తీసుకెళ్ళాడు. అది చూసిన మన సమాచార శాఖ మంత్రి వసంత్ సాఠే, మనమూ ఇలాంటిదొకటి చేద్దామన్నారు. రాసే పని జోషి చేతికొచ్చింది.

1984 జులై 7న ‘హమ్ లోగ్’ మొదలైంది. తాగుబోతు తండ్రి బసేసర్ రామ్, నోరెత్తని తల్లి భాగవంతి, వాళ్ళ పిల్లలు. మొదట్లో నీతిపాఠాలు ఎక్కువై జనం పెద్దగా పట్టించుకోలేదు. సుమారు 13 ఎపిసోడ్ల తర్వాత ఉపదేశం తగ్గించి, ఇంట్లో గొడవలు, ఆశలు, పెళ్ళిళ్ళ మీద దృష్టి పెట్టారు. అంతే, దేశం టీవీల ముందు కూర్చుంది. ఎపిసోడ్ చివర అశోక్ కుమార్ వచ్చి మాట్లాడేవారు. దూరదర్శన్‌కి లక్షల్లో ఉత్తరాలొచ్చాయి. మొత్తం 156 ఎపిసోడ్లు నడిచింది.

అసలు విషయం ఇక్కడుంది. భాగవంతిని చూసి “ఇలా ఉండకూడదు” అని జనం అనుకోవాలన్నది ఉద్దేశం. కానీ తర్వాత జరిగిన పరిశోధనలో ఏం తేలిందంటే, ఆడవాళ్ళతో సహా చాలామంది ప్రేక్షకులు ఆవిడనే ఆదర్శంగా తీసుకున్నారు. ఎందుకంటే ఆవిడ మనింట్లో అమ్మలాగే ఉంది. పాత్ర ఎంత నిజంగా ఉంటే అంత ప్రేమిస్తాం కదా. ప్రేమించిన మనిషిలో తప్పు వెతకడం కష్టం. పాఠం ఓడిపోయింది, పాత్ర గెలిచింది.

1986లో ‘బునియాద్’ వచ్చింది. దర్శకత్వం రమేష్ సిప్పీ, జ్యోతి సరూప్. దేశ విభజనలో చెల్లాచెదురైన ఒక పంజాబీ కుటుంబం కథ. మాస్టర్ హవేలీరామ్‌గా అలోక్ నాథ్, లాజోజీగా అనితా కన్వర్. ఇందులో ఎవరూ ప్రేక్షకుడికి ఏదీ నేర్పించరు. ఇల్లు పోగొట్టుకున్న వాళ్ళు ఎలా బతికారో చూపిస్తారు, అంతే. దాంతోనే చరిత్ర అర్థమవుతుంది.

సినిమాకీ రాశారు. 2000లో కమల్ హాసన్ ‘హే రామ్’ హిందీకి మాటలు ఆయనవే. అదీ విభజన కాలం కథే. కాకపోతే సినిమాలో కథ కమల్‌ది. టీవీలో మాత్రం వారం వారం కథని నడిపించింది రచయితే. జోషి పేరు నిలబడింది అందుకే.

‘క్యాప్’ నవలకి 2005 సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది. 2006 మార్చిలో ఢిల్లీలో కన్నుమూశారు. ఇప్పటి సీరియల్స్‌లో కన్నీళ్ళు దిగమింగే కోడలు కనిపిస్తే ఒక్కసారి భాగవంతిని గుర్తు చేసుకోండి. ఆ పాత్రని మనం మెచ్చుకుంటున్నామా, జాలిపడుతున్నామా? ఆలోచించండి.