హత్యయు నరహత్యయు: అప్పీలునందు నేరభేద నిర్ణయము

ఒకని చేతిలో మఱియొకడు మరణించినచో తెలుగు పల్లెలయందు దానిని ఖూనీ యని యొక్కమాటతో జెప్పుదురు. ఈ పదము నెత్తురను నర్థము గల ఖూన్ అను పారసీక పదమునుండి వచ్చినది. సంస్కృతమునందలి హత్యాశబ్దము తఱచుగా బ్రహ్మహత్య, గోహత్య మున్నగు సమాసములయందు కానవచ్చి, హతుని బట్టి పాపతారతమ్యమును దెలుపుచుండును. ఒక పదము చిందిన రక్తమును జూపుచున్నది. రెండవది చచ్చినవానిని జూపుచున్నది. చంపినవాని మనస్సు నీ రెండును జూపవు. శిక్షాస్మృతి యన్ననో ముఖ్యముగా నా మనస్సునే విచారించును. క్రింది న్యాయస్థానమున హత్యయని తేలిన నేరము అప్పీలునందు తక్కువ తరగతి నరహత్యగా మార్చబడుటకు మూలమిచ్చటనే కలదు.

నర్సీపట్నము ప్రాంతమునందలి రోలుగుంట వంటి గ్రామము నుదాహరణముగా గైకొనిన నీ విచారణమునకు స్థానమైన న్యాయపీఠము లెట్లు మారినవో తెలియగలదు. 1839వ సంవత్సరపు 24వ చట్టముచే గంజాము, విశాఖపట్టణము జిల్లాలలోని కొండభూములు సామాన్య న్యాయస్థానముల యధికారమునుండి తొలగింపబడి గవర్నరు ఏజెంటునకు అప్పగింపబడెను. మైదాన గ్రామముల పెద్దనేరములకు మాత్రము సెషన్సు విచారణయు, 1862 మొదలు చెన్నపురి ఉన్నత న్యాయస్థానమున అప్పీలును కలిగెను. ఆ ఉన్నతాధికారము 1954లో గుంటూరునకును, 1956లో హైదరాబాదునకును, 2019లో అమరావతికిని మారెను. పీఠములు మారినను వానియెదుట నిలిచిన ప్రశ్న మాత్రము మారలేదు.

ఆ ప్రశ్న శిక్షాస్మృతికంటెను ప్రాచీనము. కంపెనీవారి తొలినాళ్లలో క్రిమినలు న్యాయస్థానములు మహమ్మదీయ ధర్మశాస్త్రము ననుసరించుచుండెను. ఇమాము అబూ హనీఫా మతము ప్రకారము ఇనుపయాయుధముతో జంపుట బుద్ధిపూర్వక వధ. కఱ్ఱతో గొట్టి చంపుట దానికి దిగువయైన తరగతి. ఆయన శిష్యులగు అబూ యూసుఫ్, మహమ్మదు లనువారు పెద్దకఱ్ఱ విషయమున గురువుతో నేకీభవింపరైరి. 1790లో కారన్‌వాలిస్ ప్రభువు వంగదేశమున నీ యాయుధభేదమును ద్రోసివేసి, చంపినవాని సంకల్పమే ప్రమాణమని శాసించెను. మెకాలే ప్రముఖుల చిత్తుప్రతి 1837లో సిద్ధమై, 1860లో చట్టమై, 1862 జనవరి 1 నుండి యమలులోనికి వచ్చిన శిక్షాస్మృతియు సంకల్పజ్ఞానములనే యాధారముగా గైకొనెను.

ఆ స్మృతియందు 299వ విభాగము నరహత్యను, 300వ విభాగము హత్యను నిర్వచించును. చంపవలెనను సంకల్పముగాని, మరణము కలిగించుటకు సంభావ్యమగు గాయము చేయవలెనను సంకల్పముగాని, తన చేతవలన మరణము సంభవింపవచ్చునను నెఱుకగాని యున్నచో నరహత్య యగును. హత్యకంతకంటె నెక్కుడు కావలెను: చేయదలచిన గాయము ప్రకృతి సహజగతిలో ప్రాణము దీయుటకు చాలినదై యుండవలెను, లేదా 300వ విభాగమునందలి తక్కిన మూడు లక్షణములలో నొకటి యుండవలెను. ఆకస్మికమైన తీవ్రోద్రేకము, అనుకొనని పోట్లాట మున్నగు నైదు మినహాయింపులలో నొకటి సిద్ధించినచో హత్యయు మరల దిగువ తరగతికి దిగును. కాబట్టి "సంభావ్యము", "చాలినది" యను రెండు మాటల నడుమనే ఉరికొయ్యకును కొలది యేండ్ల చెఱకును గల దూరము నిలిచియున్నది.

ఈ భేదమును తొలుత స్పష్టపఱచినది 1876లో బొంబాయి ఉన్నత న్యాయస్థానమున దీర్పరింపబడిన గోవిందుని వ్యాజ్యము. పదునెనిమిదేండ్ల భర్త భార్యను పడద్రోసి, ఱొమ్ముపై మోకాలుంచి, ముఖముపై పిడికిటితో గ్రుద్దగా నామె మరణించెను. ఇద్దఱు న్యాయాధిపతులు భిన్నాభిప్రాయులగుటచే మూడవవాడగు మెల్విల్ విచారించి, ఆ గాయము సహజగతిలో ప్రాణహరమని చెప్పజాలమని నేరమును నరహత్యగా మార్చెను. ఇది దయాభిక్ష కాదు. నేరమునకు దగిన పేరు పెట్టుట.

తెలుగునాట నీ విషయమై ప్రసిద్ధికెక్కినది పల్నాటి ప్రాంతమునందలి రొంపిచెర్ల వ్యాజ్యము. గ్రామకక్షల కారణమున 1968 జూలైలో సుమారు 55 ఏండ్ల వాడొకడు నకరికల్లు కడ పెద్దకఱ్ఱలతో గొట్టబడెను. దెబ్బలు కాలుసేతులపైననే పడినవి. గాయములు 19, వానిలో ఎముకలు విఱిగినవియు గలవు. మఱునాటి యుదయమున నతడు మరణించెను. సెషన్సు న్యాయస్థాన మిద్దఱను హత్యాపరాధులుగా నిర్ణయించి యావజ్జీవశిక్ష విధించెను. ఉన్నత న్యాయస్థానము, ముందుగా జంపదలచిన జాడ లేదనియు, దెబ్బలు మర్మస్థానములయందు పడలేదనియు గైకొని, నేరమును 304వ విభాగపు రెండవ భాగమునకు దించి, శిక్ష నైదేండ్లకు తగ్గించెను.

ఈ తగ్గింపును రాష్ట్రప్రభుత్వము సర్వోన్నత న్యాయస్థానమునందు ప్రశ్నించెను. 1976లో తీర్పు వ్రాసిన సర్కారియా న్యాయమూర్తి, నరహత్య సామాన్యమనియు హత్య దానియందలి విశేషమనియు వివరించి, విచారణక్రమమును నిర్దేశించెను: నిందితుని చేతవలననే మరణము కలిగెనా యనునది మొదటి మెట్టు, అది 299వ విభాగమున బడునా యనునది రెండవది, 300వ విభాగపు నాలుగు లక్షణములలో నొకటియైన గలదా యనునది మూడవది, పిదప మినహాయింపుల విచారము. ఒక్కొక్క దెబ్బ విడిగా ప్రాణహరము కాకున్నను, బుద్ధిపూర్వకముగా గొట్టిన దెబ్బలన్నియు గూడి మరణమునకు చాలినవైనచో, చంపవలెనను సంకల్పము వేఱుగా రుజువు కానక్కఱలేదని 1958 నాటి విర్సాసింగు తీర్పు ననుసరించి నిర్ణయమయ్యెను. హత్యానిర్ణయమును యావజ్జీవశిక్షయు మరల నిలిచెను.

ఇందు గమనింపదగిన చారిత్రకాంశ మొకటి కలదు. కఱ్ఱ యనియు, మర్మస్థానము కాదనియు జూచి నేరమును దించుట, 1790లో త్రోసివేయబడిన యాయుధభేదము రూపాంతరమున మరల తలయెత్తుట వంటిది. ఆయుధమును, దెబ్బ తగిలిన తావును సంకల్పమునకు సాక్ష్యములే గాని, సంకల్పమునకు బదులు నిలువజాలవు. గోవిందుని వ్యాజ్యమున తగ్గింపు నిలిచినది, రొంపిచెర్ల వ్యాజ్యమున నిలువలేదు. కాని రెండింటను వైద్యసాక్ష్యమును నిందితుని సంకల్పమును గలిపి చూచిన పద్ధతి యొక్కటియే.

2024 జూలై 1 నుండి యమలులోనికి వచ్చిన భారతీయ న్యాయసంహిత పాత స్మృతికి బదులు నిలిచినది. 299, 300 విభాగములు 100, 101 లైనవి. 302, 304 విభాగములు 103, 105 లైనవి. అంకెలు మారినను నిర్వచనములు సారముచే మారలేదు. నేడు రోలుగుంటనుండి యమరావతికి బోవు అప్పీలునందును నిందితుడు చేయదలచిన గాయమెట్టిదో, అది ప్రాణము దీయుటకెంతవఱకు చాలినదో యనునదే విచార్యము. గ్రామము ఖూనీ యని యొక్కమాటతో ముగించినదానిని న్యాయస్థానము మరల విప్పి చూచుట హతుని కుటుంబమునకు క్లేశకరమే. అయినను ఆ విచారణ లేనిచో శిక్ష నేరమును గాక రక్తమునే కొలుచును.