యుగానికో పేరు: వేంకటాచల మాహాత్మ్యంలో కాలం

తిరుమల కొండకు స్థలపురాణం వేంకటాచల మాహాత్మ్యం. ఒక్కరు ఒక్క కాలంలో రాసిన గ్రంథం కాదిది. వరాహ, పద్మ, గరుడ, బ్రహ్మాండ, మార్కండేయ, స్కాంద, ఆదిత్య, భవిష్యోత్తరాది పురాణాలవిగా చెప్పే అధ్యాయాల కూర్పు. దేవుణ్ణి గురించి ఎంత చెబుతుందో కాలాన్ని గురించీ అంత చెబుతుంది. కొండ ఒకటే అయినా యుగం మారినప్పుడల్లా దాని పేరు మారుతుంది. కృతయుగంలో వృషభాసురుడు కోరుకున్న వరంగా వృషభాద్రి, త్రేతాయుగంలో అంజనాదేవి తపస్సు వల్ల అంజనాద్రి, ద్వాపరంలో వాయువుతో బలం చూసుకున్న ఆదిశేషుడి వల్ల శేషాద్రి, కలిలో మాధవుడనే భ్రష్టుడైన బ్రాహ్మణుడి పాపాలు కాలిపోయిన చోటు కనుక వేంకటాద్రి.

నాలుగు యుగాల లెక్క ఈ గ్రంథం కల్పించింది కాదు. మహాభారతం, మనుస్మృతి దాన్ని అప్పటికే చెప్పాయి. పురాణ గణితంలో కృతయుగం 17,28,000 ఏళ్లు, కలి 4,32,000 ఏళ్లు. యుగయుగానికీ ధర్మం ఒక్కో పాదం పోగొట్టుకుంటుంది. గ్రీకు కవి హెసియడ్ చెప్పిన స్వర్ణయుగం, రజతయుగం కథలోనూ నడక కిందికే. మాహాత్మ్యం ఇక్కడే దారి మార్చింది. అందరూ పతనకాలమన్న కలియుగంలోనే శ్రీనివాసుడు వైకుంఠం విడిచి ఈ కొండకు చేరాడని చెప్పింది. కలియుగ దైవం అన్న మాట వెనుక ఉన్నది ఈ ఆలోచనే.

గ్రంథంలో అన్నిటికన్నా లోతైన భాగం భవిష్యోత్తర పురాణానిదిగా చెప్పే కల్యాణకథ. త్రేతాయుగపు వేదవతికి రాముడిచ్చిన మాట కలిలో పద్మావతితో పెళ్లిగా నెరవేరింది. కృష్ణుడి పెళ్లి చూడలేదని బాధపడిన యశోద వకుళమాతగా వచ్చి, నారాయణవనంలో ఆకాశరాజు దగ్గర సంబంధం మాట్లాడింది. పెళ్లి ఖర్చుకు శ్రీనివాసుడు కుబేరుడి దగ్గర చేసిన అప్పు కలియుగం చివరిదాకా తీరుతూనే ఉంటుంది. యుగాలు పోయినా మాట పోదు, బాకీ పోదు. ఇంత పెద్ద కాలంలోనూ ఇంటి ఆచారాల చిన్న గడువులు చెదరవు: పెళ్లి వైశాఖ శుద్ధ దశమి నాడు జరిగింది, కొత్త దంపతులు ఆరు నెలలు కొండెక్కకూడదని అగస్త్యాశ్రమంలో ఆగారు. ఆ చోటు శ్రీనివాస మంగాపురమని స్థానికుల నమ్మకం.

చరిత్ర చూపే వరుస వేరు. తమిళ దేశానికి ఉత్తరపు ఎల్ల వేంగడమని తొల్కాప్పియం పీఠిక చెప్పింది. ఆళ్వారుల పాశురాల్లోనూ ఆ పేరే మారుమోగుతుంది. గ్రంథం ప్రకారం అన్నిటికన్నా కొత్తదైన పేరే చరిత్రకు దొరికినవాటిలో పాతది. ఇది గ్రంథానికి లోపం కాదు. అప్పటికే స్థిరపడిన పేరును తన కాలంలో నిలిపి, దాని వెనక్కి మూడు యుగాలు పరిచింది పురాణం.

పురాణ ప్రమాణాలకు ఆలయంలో బలం రామానుజుల కాలంలో వచ్చిందని సంప్రదాయం. తిరుమల మూర్తి విష్ణువేనని ఆయన వీటి ఆధారంగానే నిరూపించారని అనంతార్యుల పేరున ఉన్న వేంకటాచలేతిహాసమాల చెబుతుంది. గట్టి ఆధారం మాత్రం శాసనంలో ఉంది. పసిండి వేంకటత్తురైవార్ కూర్చిన మాహాత్మ్యాన్ని ఆలయంలో చదివించే ఏర్పాటు 1491లో జరిగింది. అన్నమయ్య కూడా వేంకటాచల మాహాత్మ్యం రాశారని ఆయన మనవడు చిన్నన్న చెప్పారు. ఆ రచన నేడు దొరకదు.

తెలుగు ఇళ్లలోకి ఈ కథను తెచ్చినవారిలో తరిగొండ వెంగమాంబ (1730–1817) ముఖ్యురాలు. చిన్నతనంలోనే వితంతువై, లోకాచారాన్ని కాదని తిరుమల చేరి, తెలుగు పద్యాల్లో వేంకటాచల మాహాత్మ్యం రచించారు. సంస్కృతం రానివారికి, ముఖ్యంగా ఆడవాళ్లకు, యుగాల కథ అందుబాటులోకి రావడంలో ఆమె పాత్రకు ఇంకా తగినంత గుర్తింపు రాలేదు. రాత్రి ఏకాంతసేవలో ఆమె పేరున ముత్యాల హారతి నేటికీ నడుస్తోంది. 1843 నుంచి 1933 వరకు సాగిన హాథీరాంజీ మఠం మహంతుల పాలన తర్వాత తిరుమల తిరుపతి దేవస్థానం సంస్కృత మూలాన్నీ తెలుగు వచనాన్నీ ప్రచురించింది.

ఆలయంలో కాలం గ్రంథంలోనే ఆగలేదు. రోజూ ఉదయం కొలువులో స్వామికి పంచాంగం వినిపిస్తారు: ఆనాటి తిథి, వారం, నక్షత్రం, యోగం, కరణం. వెంటనే ముందురోజు హుండీ ఆదాయమూ చదువుతారు. కుబేరుడి బాకీ కథ తెలిసిన భక్తులకు ఆ లెక్క వడ్డీ లెక్కగానే వినిపిస్తుంది. ఉగాది ఆస్థానంలో కొత్త సంవత్సర ఫలితాలు వినిపించడం దీనికి పెద్ద రూపం.

గ్రంథం ఇటీవల మరోసారి చర్చకు వచ్చింది. హనుమంతుడి జన్మస్థలాన్ని తేల్చేందుకు దేవస్థానం 2020 డిసెంబరులో పండితుల సంఘాన్ని నియమించింది. మాహాత్మ్యంలోని త్రేతాయుగపు పేరును ముఖ్యాధారాల్లో ఒకటిగా తీసుకుని, 2021 ఏప్రిల్ 21న, శ్రీరామనవమి నాడు, తిరుమలలోని అంజనాద్రే ఆ స్థలమని ప్రకటించారు. హంపి దగ్గర ఆనెగొందిలోనూ ఒక అంజనాద్రి ఉంది. కిష్కింధ అదేనని నమ్మే కర్ణాటక భక్తులు ఈ నిర్ణయాన్ని అంగీకరించలేదు.