నేను అంటే ఎంత? 1686 నాటి ఒక ఉత్తరాల వాదం

క్రీ.పూ. 49లో జూలియస్ సీజరు రూబికాన్ అనే చిన్న నదిని సైన్యంతో దాటి రోము మీదికి వచ్చాడని చరిత్రలో చదువుకుంటాం. ఆయన దాటకుండా వెనక్కి తిరిగి ఉంటే? అప్పుడు కూడా ఆయన సీజరే అయ్యేవాడా, లేక వేరే మనిషా? ఇదేం ప్రశ్న అని నవ్వకండి. దీని మీద సుమారు 340 ఏండ్ల కిందట యూరప్‌లో ఇద్దరు పెద్ద పండితులు ఉత్తరాల మీద ఉత్తరాలు రాసుకున్నారు. మా సాంఘికశాస్త్రం మేడమ్ ఆ సంగతి చెప్పినప్పటి నుంచి నా మనసంతా దాని మీదే ఉంది. అందుకే ఈ వ్యాసం.

ముందు ఒక మాట తెలుసుకోవాలి. ఆ మాట ద్రవ్యం. ఇక్కడ ద్రవ్యం అంటే డబ్బు కాదు, గుణాలకు ఆధారంగా ఉండే వస్తువు. మామిడిపండు పసుపుగా ఉంది, తియ్యగా ఉంది అంటాం. పసుపురంగూ తీపీ తమంతట తాము నిలవలేవు, పండును పట్టుకొని ఉంటాయి. మన తర్కశాస్త్రంలోనూ ఈ మాట ఉంది. తర్కసంగ్రహం రాసిన అన్నంభట్టు తెలుగువారే. ఆయన చెప్పిన ఏడు పదార్థాల్లో మొదటిది ద్రవ్యమే.

యూరప్‌లో 17వ శతాబ్దంలో ఈ ప్రశ్నను కొత్తగా ఎత్తినవాడు ఫ్రాన్స్ దేశపు డేకార్ట్ (1596–1650). ఉండడానికి మరి దేని సాయమూ అక్కరలేనిదే ద్రవ్యమని 1644లో అచ్చయిన తన పుస్తకంలో రాశాడు. ఖచ్చితంగా చూస్తే దేవుడొక్కడే అట్లాంటివాడని తానే ఒప్పుకున్నాడు. అయినా దేవుని సాయం తప్ప ఇంకేమీ అక్కరలేని మనసునూ శరీరాన్నీ కూడా ద్రవ్యాలే అన్నాడు. హాలండ్‌లో అద్దాలు సానపట్టి బతికిన స్పినోజా (1632–1677) ఈ సడలింపును ఒప్పుకోలేదు. ద్రవ్యం ఒక్కటే, మనమందరం సముద్రంలో అలల వంటి దాని రూపాలమే అని ఆయన వాదం. ఆయన ముఖ్య గ్రంథం 'ఎథిక్స్' ఆయన పోయిన తరువాత 1677లో బయటికి వచ్చింది.

1676 నవంబరులో హేగ్ పట్టణానికి వెళ్ళి స్పినోజాతో మాట్లాడి వచ్చిన ఒక యువకుడు ఉన్నాడు. ఆయనే లైబ్నిజ్. 1646లో జర్మనీలోని లైప్‌జిగ్‌లో పుట్టాడు. అలలన్నీ కలిసి ఒకే సముద్రమైతే ఇక నువ్వెవరు, నేనెవరు? ఈ చిక్కును తీర్చాలని, ప్రతి మనిషీ తనంతట తాను ఒక ద్రవ్యమేనని చూపాలని ఆయన పట్టుదల. హానోవర్ కొలువులో ఉద్యోగం చేస్తూ 1686 మొదట్లో కొన్నాళ్ళు పని లేక ఖాళీగా ఉన్నప్పుడు 37 భాగాలున్న ఒక చిన్న గ్రంథం రాశాడు. దానిలోని శీర్షికలను మాత్రం ఒక ప్రభువు ద్వారా ఆర్నోకు పంపించాడు. ఆర్నో పేరుమోసిన ఫ్రెంచి మతపండితుడు. అప్పటికి 74 ఏండ్లు. మత తగాదాల వల్ల స్వదేశం వదిలి బయట తలదాచుకుంటున్నాడు.

లైబ్నిజ్ చెప్పిందేమిటి? మనం వ్యాకరణంలో ఉద్దేశ్యం, విధేయం అని నేర్చుకుంటాం కదా. "అలెగ్జాండరు పురుషోత్తముణ్ణి ఓడించాడు" అంటే అలెగ్జాండరు ఉద్దేశ్యం, మిగిలింది విధేయం. వాక్యం నిజమైతే విధేయం ఏదో ఒక విధంగా ఉద్దేశ్యంలోనే ఉండాలి అంటాడు లైబ్నిజ్. మనం పుస్తకం చూసి తెలుసుకోవాలి గాని, దేవుడు అలెగ్జాండరు అనే భావాన్ని చూస్తే చాలు, దరియస్‌ను గెలవడం, పురుషోత్తముణ్ణి గెలవడం, చావు మామూలుగా వచ్చిందా విషం వల్లనా, అన్నీ అందులోనే కనిపిస్తాయట. ఒక మనిషి గురించి నిజమైనదంతా ఇమిడి ఉన్న ఆ సంపూర్ణ భావమే ఆ మనిషిని ఇంకెవరూ కాకుండా చేస్తుంది.

ఆ మార్చిలో జలుబుతో బాధపడుతూనే ఆర్నో జవాబు రాశాడు. బాగా కోప్పడ్డాడు. అట్లయితే దేవుడు ఆదామును సృష్టించిన క్షణంలోనే తరువాత మనుషులందరికీ జరిగేదంతా తప్పించుకోలేని విధిగా మారిపోయిందా అని అడిగినాడు. తరువాతి ఉత్తరంలో ఇంకో మాట అన్నాడు: నేను ఒక ప్రయాణం చేయవచ్చు, చేయకపోవచ్చు, ఏది చేసినా నేను నేనే కదా!

దీనికి లైబ్నిజ్ జవాబు: జరుగుతుందని ఖాయంగా ఉండడం వేరు, జరగక తప్పకపోవడం వేరు. త్రిభుజంలో మూడు కోణాల మొత్తం 180 డిగ్రీలు కాకుండా ఊహించలేం. సీజరు వెనక్కి తిరగడాన్ని ఊహించవచ్చు, అందులో తర్కానికి విరుద్ధం ఏమీ లేదు. ఆయన ముందుకు పోవడానికి కారణాలు ఉన్నాయి. అవి మొగ్గు చూపిస్తాయి గాని మెడ పట్టి నెట్టవు. ఇక ప్రయాణం సంగతి: అది నా జీవితంలో నిజంగా ఉంటే, చేయనివాడు నాలాంటి ఇంకొకడే గాని నేను కాదు అన్నాడు. మొదట తనకు కష్టం కలిగించిన విషయంలో ఇప్పుడు తృప్తి పడ్డానని ఆర్నో ఆ సెప్టెంబరులో రాశాడు, వేరే అనుమానాలు మాత్రం అడుగుతూనే ఉన్నాడు.

అట్లా వచ్చిన ఒక ఉత్తరంలోనే మన నేలకు సంబంధించిన ఉదాహరణ ఉంది. దూరదూరంగా ఉన్న రెండు వజ్రాలకు, టస్కనీ డ్యూకు వజ్రానికీ మొగలు చక్రవర్తి వజ్రానికీ, కలిపి ఒకే పేరు పెట్టవచ్చు. ఒకే ఉంగరంలో పొదగవచ్చు. అయినా అవి నిజంగా ఒకటి కావు అంటాడు లైబ్నిజ్. ఆ మొగలు వజ్రం కృష్ణ ఒడ్డున ఉన్న కొల్లూరు గనిలో దొరికిందని చెబుతారు. గొర్రెల మంద, సైన్యం కూడా అంతే, పేరుకే ఒకటి. లోపల నుంచే ఒకటిగా ఉన్నదే ద్రవ్యం.

ఇది చదివి మా అవ్వకు చెప్పినాను. "దీనికి అంత దూరం పోవాలా? తలరాత అంటే అదే కదరా" అనింది. కాని రెండూ ఒకటి కాదని నాకు తోస్తుంది. పాసయ్యే రాత ఉంటే చదవకపోయినా పాసవుతాను, లేకుంటే చదివినా కాను అనేవాళ్ళను మనం చూస్తాం. లైబ్నిజ్ 1710లో అచ్చయిన పుస్తకంలో దీన్ని సోమరివాదం అని ఖండించాడు. ఫలితం ఖాయమైతే దానికి దారితీసే చదువు కూడా అందులో భాగమే. ఏమి రాసి ఉందో మనకు తెలియదు కాబట్టి మన కర్తవ్యం మనం చేయాల్సిందే. ఇందులో నేను లైబ్నిజ్ పక్షమే.

రెండో విషయంలో మాత్రం నాది ఆర్నో పక్షం. మా హోసూరులో ప్రతి తెలుగు ఇంట్లోనూ ఒక రాత్రి ఇదే చర్చ ఉంటుంది: పిల్లవాణ్ణి తెలుగు మీడియంలో ఉంచాలా, ఇంగ్లీషు మీడియంలో వేయాలా? నేను ఆరో తరగతికి వచ్చినప్పుడు మా ఇంట్లోనూ జరిగింది. నాయన ఒకటి అన్నారు, అమ్మ ఒకటి అన్నారు, చివరికి నేను ఇక్కడే ఉన్నాను. లైబ్నిజ్ లెక్కన ఇంగ్లీషు మీడియంకు పోయి ఉండేది నేను కాదు, నా ముఖం ఉన్న వేరే ఎవరో. కాని ఆ రాత్రి అమ్మా నాయనా దిగులుపడింది ఒక్క బిడ్డ గురించే, ఇద్దరి గురించి కాదు. రెండు దారులూ నావి కాకపోతే, నాకేది మంచిదని ఎంచుకోవడానికి అర్థమే ఉండదు.

అయితే లైబ్నిజ్ అడిగే ఎదురుప్రశ్న కూడా గట్టిదే. తెలుగు తీసేసి, ఈ బడి తీసేసి, స్నేహితులను, అవ్వ చెప్పిన కథలను ఒక్కొక్కటే తీసేస్తూ పోతే, ఇంకా నేను అని చూపించడానికి ఏం మిగులుతుంది? ఏదో మిగులుతుందని నా నమ్మకం. దానికి పేరు పెట్టడం మాత్రం నాకు ఇంకా చేతకాలేదు.

లైబ్నిజ్ 1716 నవంబరు 14న హానోవర్‌లో చనిపోయాడు. 1686లో రాసిన ఆ చిన్న గ్రంథం 1846లో గాని అచ్చు కాలేదు. హెరెన్‌హౌసెన్ తోటలో అచ్చంగా ఒకేలా ఉండే రెండు ఆకులు దొరుకుతాయని ఒక పెద్దమనిషి తనతో వాదించి, తోటంతా వెతికి, దొరక్క తిరిగి వచ్చాడని ఆయన రాసుకున్నాడు. మన బడి ఆవరణలో వేపచెట్టు ఉంది. ఒకసారి మీరూ వెతకండి. వెతుకుతూ ఈ వాదంలో మీరు ఎవరి పక్షమో ఆలోచించి నాకు చెప్పండి.