డర్వెస్టన్ నుంచి కాకినాడ: రెండు నౌకాదళాల్లో ఒక కొయ్య ఓడ

కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాల్లో మందుపాతర అంటే ఏమిటో ఎవరికీ వివరించనక్కరలేదు. కల్వర్టు కింద పూడ్చి, దూరాన పొంచి ఉన్న మనిషి పేల్చేది. సముద్రంలో వేసే మందుపాతరకు ఆ మనిషి అవసరం లేదు. పైనుంచి పోయే ఇనుప ఓడ అయస్కాంత ప్రభావమే దాన్ని పేల్చగలదు. అందుకే వాటిని ఏరివేసే ఓడను కొయ్యతో కట్టారు.

ఈ వ్యాసం అలాంటి ఒక ఓడ గురించి. కొరియా యుద్ధంలో సముద్ర మందుపాతరలు పెట్టిన ఇబ్బంది చూశాక బ్రిటన్ వందకు పైగా 'టన్' తరగతి మైన్‌స్వీపర్లు కట్టించుకుంది. పొడవు సుమారు 153 అడుగులు. అల్యూమినియం చట్రం మీద మహాగని పలకలు. 1956లో వాటిలో నాలుగు భారత నౌకాదళానికి వచ్చాయి. విట్టన్ కన్ననూర్ అయింది, వెన్నింగ్టన్ కడలూర్, ఓవర్టన్ కార్వార్, డర్వెస్టన్ కాకినాడ. అంతకు ముందే, 1955లో, హిల్డర్‌షామ్ అనే ఇంకా చిన్న మైన్‌స్వీపర్ మన భీమునిపట్నం పేరుతో 'బిమ్లిపటం' అయింది.

మైన్‌స్వీపర్ పని ఇలా ఉండేది. ఓడ వెనుక కోరలున్న ఉక్కు తీగ లాగుతూ పోతారు. నీటి అడుగున బరువుకు కట్టి వదిలిన మందుపాతర గొలుసును ఆ తీగ తెంపుతుంది. మందుపాతర పైకి తేలుతుంది, తుపాకీతో కాల్చి పేలుస్తారు. అయస్కాంతంతో పేలే రకానికి పొడవాటి విద్యుత్ కేబుల్‌ను నీళ్లలో లాగి, ఇనుప ఓడ వెళ్తున్నట్టు భ్రమ కల్పిస్తారు. సోనార్‌తో ఒక్కొక్కదాన్నీ వెతికి పట్టే మైన్‌హంటర్ పద్ధతి తర్వాతిది. 1960లలో బ్రిటన్ ఇదే తరగతిలో కొన్ని ఓడలను అలా మార్చుకుంది. మనకు వచ్చినవి మాత్రం స్వీపర్లుగానే వచ్చాయి.

నన్ను ఎక్కువగా ఆకట్టుకున్నది పేర్ల సంగతి. డర్వెస్టన్ ఇంగ్లండులోని డోర్సెట్‌లో స్టౌర్ నది పక్కన ఉన్న చిన్న ఊరు. హిల్డర్‌షామ్ కేంబ్రిడ్జ్ జిల్లా పల్లె. రెండూ సముద్రం ఒడ్డున లేవు. మన ధర్మపురి, మంథని లాంటి ఏటి ఒడ్డు ఊళ్లే. భారత్ ఆ పేర్లు తీసేసి రేవు పట్టణాల పేర్లు పెట్టింది. ఓడ చరిత్ర రాసేవారు రెండో పేరుతో మొదలుపెట్టి మొదటిదాన్ని వదిలేయడం తప్పని నా అభిప్రాయం. కట్టిన చేతులు ఆ మొదటి పేరులోనే ఉన్నాయి.

పేరు పోగొట్టుకున్న బాధ మనకూ తెలిసిందే. బాసర, ధర్మపురి మీదుగా పారే గోదావరి పేరుతో 1943లో సేవలోకి వచ్చిన యుద్ధనౌక దేశ విభజనలో పాకిస్తాన్‌కు పోయి 'సింధ్' అయింది. 1971 డిసెంబరులో విశాఖ తీరంలో మునిగిన పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ కూడా అమెరికా నౌకాదళంలో 'డయాబ్లో'గా పుట్టిందే. రేవు బయట మందుపాతరలు వేయడం దానికి అప్పగించిన పనుల్లో ఒకటి. తెలుగు తీరానికి మైన్‌స్వీపర్లు ఎందుకు కావాలో అంతకన్నా వివరంగా చెప్పనక్కరలేదు.

కొయ్య కాకినాడ తర్వాత అదే పేరుతో సోవియట్ యూనియన్‌లో కట్టిన మరో మైన్‌స్వీపర్ 1986లో చేరింది. 2017 మే 9న ముంబయిలో అదే సోవియట్ తరగతికి చెందిన రెండో కార్వార్‌తో పాటు సెలవు తీసుకుంది. 2019 నాటికి ఆ తరగతి ఓడలన్నీ సేవ నుంచి విరమించాయి. కొత్త మైన్ నిరోధక ఓడల కొనుగోలుకు 2025 జులైలో రక్షణ శాఖ ప్రాథమిక ఆమోదం ఇచ్చింది. అవి కట్టే రోజున ఒకదానికి మళ్లీ కాకినాడ పేరు పెట్టాలి. ఇంకొకదానికి, డర్వెస్టన్ ఆనవాయితీని గౌరవిస్తూ, సముద్రం చూడని గోదావరి ఒడ్డు ఊరు మంథని పేరు పెట్టాలని నౌకాదళాన్ని కోరుతున్నాను.