ఉమ్మడి ఫైలు పోతే ఎవరి పని ఆగుతుంది?



వేలూరులోనూ గుడియాత్తంలోనూ మన ఇళ్ళలో పిల్లలు "కంప్యూటర్ ఏదో డీఎల్ఎల్ లేదంటోంది తాతా" అంటుంటారు. ఆ డీఎల్ఎల్ చరిత్రలోనే మన తెలుగు అక్షరం తెరమీదికి వచ్చిన కథ కూడా ఉంది. అందుకని ఈ వారం దాని గురించి రాస్తున్నాం.

డీఎల్ఎల్ అంటే డైనమిక్ లింక్ లైబ్రరీ. తేలిగ్గా చెప్పాలంటే ఉమ్మడి సామాను. పెళ్ళికని ప్రతి ఇంటివాళ్ళూ అండాలు, గుండిగలు కొనిపెట్టుకోరు. సంఘంలో ఒక జత ఉంటే అందరి పెళ్ళిళ్ళూ జరిగిపోతాయి. 1985లో వచ్చిన మొదటి విండోస్ 256 కేబీ మెమరీతోనే నడవాల్సి వచ్చింది. గీతలు గీయడం, అక్షరాలు చూపడం వంటి పనులను ప్రతి ప్రోగ్రామూ విడివిడిగా మోస్తే ఆ చోటు చాలదు. కాబట్టి ఆ పనులను వేరే ఫైళ్ళలో పెట్టి, అన్ని ప్రోగ్రాములూ వాడుకునేలా చేశారు.

చోటు కలిసొచ్చింది కానీ చిక్కూ వచ్చింది. 1990లలో కొత్త ప్రోగ్రాము ఎక్కిస్తే, అది తాను తెచ్చిన ఫైలును పాతదాని మీద పెట్టేసేది. పాతదాన్ని నమ్ముకున్న ప్రోగ్రాములు ఆగిపోయేవి. ప్రోగ్రామును తీసేస్తే ఒక్కోసారి ఉమ్మడి ఫైలు కూడా దానితోపాటే పోయేది, పెళ్ళయ్యాక సంఘం గుండిగను కూడా తమ బండిలో వేసుకుపోయినట్టు! దీనికి కంప్యూటర్ వాళ్ళు 'డీఎల్ఎల్ నరకం' అని పేరు పెట్టారు. విండోస్ 2000లో ముఖ్యమైన ఫైలు చెడితే తిరిగి పెట్టుకునే కాపలా వచ్చింది. 2001లో ఎక్స్‌పీతో, ఒకే ఫైలు వేర్వేరు వెర్షన్లు పక్కపక్కనే ఉండే ఏర్పాటు వచ్చింది.

ఇక మన భాష సంగతి. మనం బడిలో తమిళం, ఇంట్లో తెలుగు నేర్చుకున్నవాళ్ళం. తమిళంలో 'కె' రాస్తే కొమ్ము అక్షరానికి ముందు వస్తుంది. తెలుగులో వత్తు కిందికి పోతుంది. వీటిని సరిగ్గా అమర్చే పనిని విండోస్‌లో యూనిస్క్రైబ్ అనే ఉమ్మడి ఫైలు చేసేది. దాని పేరు యూఎస్‌పీ10 డాట్ డీఎల్ఎల్. విండోస్ 2000లో తమిళం లత ఫాంటుతో వచ్చింది. తెలుగు 2001లో ఎక్స్‌పీతో, గౌతమి ఫాంటుతో వచ్చింది. బడి భాష ముందు, ఇంటి భాష తర్వాత వచ్చినా, రెండింటికీ పని చేసింది ఆ ఒక్క ఫైలే. యూనికోడ్ పట్టికలోనూ తమిళం, తెలుగు పక్కపక్క ఇళ్ళే, చెరి 128 స్థానాలు.

అయితే ఎక్స్‌పీలో సెట్టింగుల్లో ఒక టిక్కు పెట్టి, విండోస్ సీడీ వేస్తేగానీ మన భాషలకు కావలసిన ఫైళ్ళు ఎక్కేవి కావు. అవి లేకపోతే వత్తులు ఊడిపోయి కనిపించేవి. విస్టా నుంచి ఆ బాధ తప్పింది.

ఇప్పుడు ఏదైనా డీఎల్ఎల్ లేదని వస్తే, ఆ పేరు వెతికి దొరికినచోట దించుకోవద్దు. అందులో వైరస్ ఉండవచ్చు. ముందు ఆ ప్రోగ్రామును తీసేసి మళ్ళీ ఎక్కించండి. ఫైలు పేరు వీసీరన్‌టైమ్140 అనో ఎంఎస్‌వీసీపీ140 అనో ఉంటే, మైక్రోసాఫ్ట్ సొంత సైటు నుంచి విజువల్ సి ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ ఎక్కించండి. విండోస్ ఫైలే చెడితే సిస్టమ్ ఫైల్ చెకర్ నడపండి. పోయిన సామాను దాని అసలు చోటు నుంచే రావాలి.

చివరగా ఒక మనవి. మన సంఘం పాత ఆహ్వానాలు, సభ్యుల జాబితాలు డీటీపీ ఫాంట్లలో కొట్టించినవి. ఆ ఫాంటు ఫైలు లేని కంప్యూటర్లో అవి అర్థంకాని గుర్తులుగా కనిపిస్తాయి. వాటిని యూనికోడ్‌లోకి మార్చే సాధనాలు ఉన్నాయి. కానీ మార్చాక తప్పులు దిద్దడానికి తెలుగు చదివేవాళ్ళు కావాలి. మన మనవలు ఇంట్లో తెలుగు మాట్లాడతారు, చదివేది మాత్రం తమిళం, ఇంగ్లీషు. చదవగలిగినవాళ్ళం అరవై, డెబ్బై దాటాం. ఇళ్ళలో పాత సీడీలు, ఫ్లాపీలు ఉంటే సంఘానికి తెచ్చివ్వండి. మనం ఉండగానే కూర్చుని దిద్దుదాం.